రెండో రౌండ్‌లో రాని కుదుపు: ఒక ఎమ్యులేటర్ కేసు

హైదరాబాద్‌లో నాకో చిన్న సర్వీస్ షాపు ఉంది. గేమింగ్ పీసీలు కట్టడం, ల్యాప్‌టాప్‌లు బాగుచేయడం మా అసలు పని. పాత గేమ్ కన్సోల్ డిస్కులను కంప్యూటర్‌లోకి ఎక్కించుకుని ఎమ్యులేటర్‌లో, అంటే ఆ కన్సోల్‌ను పీసీలో అనుకరించే ప్రోగ్రాంలో, ఆడుకునేవాళ్లు నెలకు ఒకరిద్దరు వస్తుంటారు. ఈ కేసు వాళ్లలో ఒకరిది. ఆయన సరేనన్నాకే రాస్తున్నాను. గుర్తుపట్టే వివరాలు తీసేశాను, కొన్ని మార్చాను. ఏదో గొప్పగా బాగుచేశానని చెప్పుకోవడానికి కాదు ఇది. మొదటిసారి నేను అసలు రోగాన్ని ముట్టుకోకుండానే నయమైందని నమ్మి, డబ్బులు కూడా తీసుకున్నాను. ఆ పొరపాటు ఎలా జరిగిందో రాయడం కోసమే ఇదంతా.

నేపథ్యం

ఆయన సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. చాలా ఏళ్లు అమెరికాలో ఉండి, కుటుంబంతో తిరిగొచ్చారు. చదువుకునే రోజుల్లో అక్కడ కొనుక్కున్న నింటెండో గేమ్‌క్యూబ్ డిస్కులు, వాటిని ఆడించే పాత వీ కన్సోల్ కూడా వెంట తెచ్చుకున్నారు. ఆ వీలోనే క్లీన్‌రిప్ అనే చిన్న ప్రోగ్రాం పెట్టి, తన డిస్కులను తనే కాపీ చేసుకున్నారు. ల్యాప్‌టాప్‌లో డాల్ఫిన్ ఎమ్యులేటర్. హెచ్‌డీఎంఐ వైరుతో హాల్లో టీవీకి కలిపి ఆడతారు.

ఆట 2003లో వచ్చిన మారియో కార్ట్ డబుల్ డ్యాష్. అందులో ఒకే బండి మీద ఇద్దరు ఎక్కవచ్చు. ముందున్నవాళ్లు నడుపుతారు, వెనక ఉన్నవాళ్లు పక్క బండ్ల మీదికి వస్తువులు విసురుతారు. ముందు నాన్న, వెనక తొమ్మిదేళ్ల కూతురు. రోజూ రాత్రి భోజనాలయ్యాక అరగంట.

ల్యాప్‌టాప్ తీసిపారేసేది కాదు. ఆరు కోర్ల ప్రాసెసర్, మధ్యరకం విడి గ్రాఫిక్స్ కార్డు, 144 హెర్ట్జ్ తెర, అంటే సెకనుకు 144 సార్లు బొమ్మ మార్చేది. గేమ్‌క్యూబ్ ఆటకు ఇది ఎక్కువే గానీ తక్కువ కాదు.

ఫిర్యాదు

ఫోన్‌లో ఆయన చెప్పింది ఒక్క మాట. "ల్యాగ్ అవుతోందండీ."

మనవాళ్లు మూడు వేరువేరు జబ్బులకు ఇదే పేరు పెడతారు. బటన్ నొక్కాక బండి ఆలస్యంగా తిరిగితే ల్యాగ్. ఆట మొత్తం నత్తనడక నడిచినా ల్యాగే. బాగా పోతూ పోతూ ఒక్క క్షణం బిగుసుకుపోయి మళ్లీ కదిలినా ల్యాగే. ఈయనది మూడోది. తెర మూలన ఎఫ్‌పీఎస్, అంటే సెకనుకు వచ్చే బొమ్మల (ఫ్రేముల) సంఖ్య, 60 చూపిస్తూనే ఉంది, అయినా మలుపు దగ్గర కుదుపు వస్తోంది, బండి వెళ్లి గోడకు గుద్దుకుంటోంది.

ఎఫ్‌పీఎస్ అంకె సగటు మాత్రమే. ఈ ఆటలో ఒక్కో ఫ్రేమ్‌కు ఉన్న గడువు 16.7 మిల్లీసెకన్లు. ఒక ఫ్రేమ్ ఒక్కటే 90 మిల్లీసెకన్లు తినేసినా, ఆ సెకనులో మిగతా ఫ్రేములు సమయానికి వస్తే అంకె 55 దాకా ఉంటుంది, అదీ ఒక్క క్షణం. అంకె మీద చూపు పడేలోపే మళ్లీ 60 అయిపోతుంది.

నా దగ్గరికి వచ్చేలోపే ఆయన చాలా ప్రయత్నాలు చేశారు. రిజల్యూషన్ తగ్గించారు. ఎమ్యులేటర్ గ్రాఫిక్స్ కార్డుతో మాట్లాడే పద్ధతిని (బ్యాకెండ్) ఓపెన్‌జీఎల్ నుంచి వల్కన్‌కు మార్చారు. ర్యామ్ 8 జీబీ నుంచి 16కు పెంచారు. ఆట ఫైలును హార్డ్‌డిస్క్ నుంచి ఎస్ఎస్‌డీలోకి తెచ్చారు. షేడర్లను, అంటే బొమ్మ గీసే చిన్న ప్రోగ్రాములను, దాచిపెట్టుకునే షేడర్ క్యాష్ ఫోల్డర్‌ను ఎవరో ఇంటర్నెట్‌లో పెడితే దించుకుని అతికించారు. "ఏది చేసినా ముందు తగ్గినట్టే ఉంటుందండీ, రెండు మూడు రోజులకు మళ్లీ మామూలే" అన్నారు. రోగం పేరు ఆ వాక్యంలోనే ఉంది. నేను విన్నాను గానీ పట్టించుకోలేదు.

నా మొదటి పొరపాటు

మే నెల. ల్యాప్‌టాప్ తిప్పి చూస్తే గాలి వెళ్లే సందుల్లో దుమ్ము గడ్డకట్టి ఉంది. ఆట నడిపితే ప్రాసెసర్ వేడి 95 డిగ్రీలు దాటింది. నా బుర్రలో కథ తయారైపోయింది: వేడెక్కితే ప్రాసెసర్ తన వేగాన్ని తానే తగ్గించుకుంటుంది, ఎమ్యులేటర్ ఒకటి రెండు కోర్ల వేగం మీదే ఎక్కువగా ఆధారపడుతుంది, కాబట్టి అప్పుడప్పుడు ఒక ఫ్రేమ్ గడువు దాటుతోంది. విడివిడిగా చూస్తే ఈ మూడూ నిజాలే.

ఆయన ఎదురుగానే లుయిజి సర్క్యూట్ ట్రాక్ ఆడాం. మూడు నాలుగు కుదుపులు స్పష్టంగా కనిపించాయి. ఫ్యాన్లు శుభ్రం చేసి, థర్మల్ పేస్ట్ మార్చి, మళ్లీ అదే ట్రాక్ ఆడాం. ఒక్క కుదుపు లేదు. వేడి 80 లోపే. ఆయన సంతోషంగా డబ్బులిచ్చారు, నేను సంతోషంగా తీసుకున్నాను.

నాలుగో రోజు ఫోన్ వచ్చింది. "లుయిజి సర్క్యూట్ బ్రహ్మాండంగా ఉందండీ. వేరే ట్రాక్‌లకు వెళ్తే మళ్లీ అదే."

వేడి వల్ల వచ్చే జబ్బు ఆడేకొద్దీ పెరగాలి. ఇక్కడ ప్రతి ఆటా మొదట్లో కుదిపి, ఆడేకొద్దీ సర్దుకుంటోంది. లక్షణం తలకిందులుగా ఉందని అప్పుడే అనుమానించాల్సింది. దుమ్ము కళ్లెదుట కనిపించేసరికి ఇంకేమీ కనిపించలేదు.

రోగం పేరు చెప్పింది చిన్నపాపే

ఈసారి వాళ్లింటికే వెళ్లాను. డాల్ఫిన్‌లో ఫ్రేమ్ సమయాన్ని గీతగా చూపించే సదుపాయం ఉంది, ప్రతి ఫ్రేమ్‌కు ఎంతసేపు పట్టిందో ఫైలులో రాసే సదుపాయమూ ఉంది. రెండూ పెట్టి కూర్చున్నాను. నేను గీత చూస్తుంటే పక్కనుంచి పాప అంది: "అంకుల్, రెండో రౌండ్‌లో రాదు. మొదటి రౌండ్‌లోనే వస్తుంది."

ఎప్పుడూ అంతేనా అని అడిగాను. కాసేపు ఆలోచించి, "కొత్తది విసిరినప్పుడు కూడా వస్తుంది. అందుకే మలుపులో కొత్తది విసరొద్దని నాన్న చెప్పారు" అంది.

తండ్రీకూతుళ్లు ఆ జబ్బుతో కాపురం చేయడం నేర్చేసుకున్నారన్నమాట.

అప్పుడు బేబీ పార్క్ ట్రాక్ పెట్టించాను. చాలా చిన్న ట్రాక్, అందుకే మిగతావాటిలో దాదాపు అన్నిట్లో మూడు రౌండ్లుంటే ఇక్కడ ఏడు. ఒకే చోటుకు మళ్లీ మళ్లీ వస్తాం కాబట్టి పరీక్షకు ఇంతకన్నా మంచిది దొరకదు. మొదటి రౌండ్‌లో గీత ఐదుసార్లు పైకి లేచింది. తర్వాత నున్నగా పోయి, నాలుగో రౌండ్‌లో ఒకసారి లేచింది. సరిగ్గా అప్పుడే పాప ఒక వస్తువును మొదటిసారి విసిరింది. అదే వస్తువు ఆరో రౌండ్‌లో మళ్లీ విసిరితే ఏమీ కాలేదు.

తెర మీద ఏదైనా మొదటిసారి కనిపించినప్పుడే కుదుపు, రెండోసారి లేదు. ఇది షేడర్ కంపైలేషన్ వల్ల వచ్చే స్టటర్ (కుదుపు).

లోపల జరిగేది

గేమ్‌క్యూబ్ గ్రాఫిక్స్ చిప్ పేరు ఫ్లిప్పర్. అందులో టెవ్ అనే భాగం ఉంది. రంగులను, టెక్స్చర్లను (వస్తువుల మీద అతికించే బొమ్మలను) ఎలా కలపాలో గరిష్ఠంగా 16 దశల్లో చెప్పుకోవచ్చు. నీళ్లకు ఒక అమరిక, మెరిసే బండికి ఇంకొకటి, పేలుడుకు మరొకటి. అసలు కన్సోల్‌లో అమరిక మార్చడమంటే కొన్ని స్విచ్‌లు అటూ ఇటూ వేయడం లాంటిది. దాదాపు సమయమే పట్టదు. ఆట రాసినవాళ్లు కూడా ఆ ధీమాతోనే ఫ్రేమ్ మధ్యలో ఎన్నిసార్లు కావాలంటే అన్నిసార్లు మార్చారు.

పీసీలో ఆ స్విచ్‌లు లేవు. ప్రతి కొత్త అమరికకూ ఎమ్యులేటర్ ఒక చిన్న ప్రోగ్రాం రాసి, గ్రాఫిక్స్ కార్డును నడిపే సాఫ్ట్‌వేర్ అయిన డ్రైవర్‌కు ఇవ్వాలి. అదే షేడర్. డ్రైవర్ దాన్ని ఆ కార్డు భాషలోకి కంపైల్ చేయాలి. దానికి ఒక్కోసారి ఐదారు ఫ్రేముల కాలం పట్టవచ్చు. అది పూర్తయ్యేదాకా ఆట ఆగుతుంది. అన్ని అమరికలనూ ముందే తయారు చేసి పెట్టుకుందామంటే 16 దశల్లో వీలైన కలయికలకు అంతే లేదు. ఏ ఆట ఏ కలయిక వాడుతుందో ఆడితే తప్ప తెలియదు.

ఇది తెలిశాక ఆయన పాత ప్రయత్నాలన్నీ వరసగా అర్థమయ్యాయి. రిజల్యూషన్ తగ్గిస్తే కార్డుకు పని తగ్గుతుంది, కానీ కంపైల్ చేసేది ప్రాసెసర్. ర్యామ్‌కూ డిస్కుకూ ఇందులో పాత్ర లేదు. ఓపెన్‌జీఎల్ నుంచి వల్కన్‌కు మారితే క్యాష్ మళ్లీ మొదటినుంచి పోగవుతుంది. ఇంటర్నెట్‌లో దొరికిన క్యాష్ వేరేవాళ్ల కార్డులో, వేరే డ్రైవర్‌తో తయారైంది, ఈయన కార్డు దాన్ని ముట్టుకోదు. స్టీమ్ డెక్ అనే చేతిలో పట్టుకునే గేమింగ్ పీసీకి ముందే కంపైల్ చేసిన షేడర్లు పంపగలుగుతున్నారంటే అక్కడ అందరిదీ దాదాపు ఒకే హార్డ్‌వేర్ కాబట్టి.

మరి ప్రతి ప్రయత్నం తర్వాతా "తగ్గినట్టు" ఎందుకు అనిపించింది? పరీక్షించడానికి ఆయన పెట్టేది ప్రతిసారీ అదే ట్రాక్. ఒకసారి ఆడగానే ఆ ట్రాక్ షేడర్లు క్యాష్‌లోకి చేరిపోతాయి. రెండోసారి ఆడేటప్పటికి నున్నగా ఉంటుంది. ఆ మధ్యలో ఎవరు ఏం చేసి ఉంటే మంచిపేరు దానికే. నా థర్మల్ పేస్ట్‌కు పేరు వచ్చింది కూడా అలాగే. శుభ్రం చేయకుండా కాఫీ తాగి వచ్చి ఆడించినా కుదుపు పోయి ఉండేది.

సరైన పరీక్ష

అందుకని ఏ సెట్టింగూ మార్చకముందే పరీక్షను మార్చాను. రెండు నియమాలు పెట్టుకున్నాను. ప్రతి పరీక్షకు ముందు డాల్ఫిన్ షేడర్ క్యాష్‌నూ, డ్రైవర్ సొంతంగా దాచుకునే క్యాష్‌నూ రెండింటినీ తుడిచేయాలి. మొదటిదాన్ని తుడిచి రెండోదాన్ని వదిలేస్తే ఫలితం సగం అబద్ధం. రెండో నియమం, ప్రతిసారీ అచ్చంగా ఒకే ఆట నడవాలి. డాల్ఫిన్‌లో నొక్కిన బటన్లన్నీ రికార్డ్ చేసి తిరిగి ఆడించవచ్చు. తండ్రీకూతుళ్లు ఆడిన ఒక డైసీ క్రూజర్ రేసును అలా పట్టుకున్నాను. ఎన్నిసార్లు నడిపినా బండి అదే గోడకు అదే చోట గుద్దుకుంటుంది, పాప అదే క్షణంలో అదే వస్తువు విసురుతుంది.

పాత సెట్టింగులతో నడిపితే గీత 14 సార్లు లేచింది. ఎక్కువ భాగం 60 నుంచి 120 మిల్లీసెకన్ల మధ్య. మూడుసార్లు నడిపితే మూడుసార్లూ దాదాపు అవే చోట్ల. పోల్చి చూసుకోవడానికి అప్పటికి ఒక ఆధారం దొరికింది.

ఒక్కొక్కటిగా

డాల్ఫిన్‌లో షేడర్ కంపైలేషన్‌కు నాలుగు పద్ధతులున్నాయి. మామూలుగా ఉండేది స్పెషలైజ్డ్, అంటే ప్రతి అమరికకూ విడి షేడర్. కుదుపంతా దీని పుణ్యమే.

స్కిప్ డ్రాయింగ్ అని ఒకటుంది. షేడర్ తయారయ్యేదాకా ఆ వస్తువును గీయకుండా వదిలేస్తుంది. గీత చదునైపోయింది. నేను "అయిపోయిందండీ" అనబోతుంటే పాప, "నేను విసిరింది ఏదీ?" అంది. వస్తువు క్షణం తర్వాత ప్రత్యక్షమైంది. గీతలో తప్పు లేదు, ఆట తప్పు. తీసేశాం.

తర్వాత ఉబర్‌షేడర్లు. ఊబర్ క్యాబ్‌కూ వీటికీ సంబంధం లేదు. 2017 జూలైలో డాల్ఫిన్ వాళ్లు తెచ్చారు. విడివిడి షేడర్లకు బదులు ఫ్లిప్పర్ చిప్ పనితీరు మొత్తాన్నీ అనుకరించే ఒక పెద్ద షేడర్ రాశారు. ఏ అమరిక వచ్చినా అప్పటికప్పుడు అదే చదువుకుని బొమ్మ గీస్తుంది, కొత్తగా కంపైల్ చేసే పని ఉండదు. కస్టమర్‌కు నేను చెప్పింది ఇలా: కొలతలిచ్చి కుట్టించుకున్న జాకెట్టు ఒంటికి సరిగ్గా సరిపోతుంది, కానీ టైలర్ రెండు రోజులు తిప్పుతాడు. ఫ్రీ సైజు నైటీ ఎవరికైనా పడుతుంది, ఇప్పుడే వేసుకోవచ్చు, కాకపోతే బట్ట చాలా ఎక్కువ పడుతుంది.

ఆ ఎక్కువ బట్ట ఖరీదు ఎక్స్‌క్లూజివ్ ఉబర్‌షేడర్స్ పద్ధతిలో తెలిసింది. అందులో ఎప్పుడూ పెద్ద షేడరే నడుస్తుంది. గీతలో శిఖరాలు పోయాయి, కానీ గీత మొత్తం పైకి లేచింది. రద్దీ ఉన్నచోట ఆట నెమ్మదించింది. కారణం లెక్కలోనే ఉంది. గేమ్‌క్యూబ్ బొమ్మను డాల్ఫిన్ 640×528గా గీస్తుంది. టీవీలో స్పష్టంగా ఉండాలని ఆయన పెట్టుకున్నది దానికి మూడు రెట్లు, 1920×1584. అంటే పిక్సెళ్లు తొమ్మిది రెట్లు, ప్రతి పిక్సెల్‌కూ ఆ పెద్ద షేడర్ నడవాలి. రెండు రెట్లకు దిగితే సరిపోయేది. "బొమ్మ మసగ్గా ఉంటే వద్దండీ" అన్నారు. ఆడేది ఆయన, నేను కాదు.

నాలుగోది హైబ్రిడ్. కొత్త అమరిక రాగానే ముందు పెద్ద షేడర్‌తో గీస్తుంది, వెనక ఇంకో థ్రెడ్‌లో విడి షేడర్‌ను కంపైల్ చేయించుకుంటుంది, అది చేతికి రాగానే దానికి మారిపోతుంది. జాకెట్టు వచ్చేదాకా నైటీ అన్నమాట. ఈయనకున్న ఆరు కోర్లలో ఖాళీగా ఉన్నవి ఈ పనికి వస్తాయి. అదే రేసు నడిపితే 14 శిఖరాలు నాలుగయ్యాయి.

ఆ నాలుగు ఎందుకు మిగిలాయి? రెండు, రేసు మొదలైన కొత్తలో. ఆటతోపాటే షేడర్లు కూడా వరసలో నిలబడి తయారవుతున్నాయి కాబట్టి. ఉబర్‌షేడర్లనూ, అప్పటికే తెలిసిన విడి షేడర్లనూ ఆట మొదలుపెట్టకముందే కంపైల్ చేయమని డాల్ఫిన్‌లో ఒక టిక్ ఉంది. అది పెడితే ప్రారంభంలో కాసేపు ఆగాలి, ఆ రెండూ పోయాయి. మిగతా రెండు మధ్యలో వస్తున్నాయి, కదలవు. ఉబర్‌షేడర్ అయినా చివరికి డ్రైవర్ చేతిలో పడాల్సిందే, డ్రైవర్ లోపల ఏ ఏ మార్పులకు మళ్లీ కంపైల్ చేసుకుంటుందో బయటివాళ్ల చేతిలో లేదు. అందుకని బ్యాకెండ్ మార్చి చూశాను. ఈ ల్యాప్‌టాప్‌లో వల్కన్ బదులు డైరెక్ట్‌త్రీడీ 11 పెడితే రెండూ పోయాయి. ఇది ఈ కార్డు, ఈ డ్రైవర్ సంగతి మాత్రమే. మీ దగ్గర తిరగబడవచ్చు, అదే రికార్డింగ్‌తో చూసుకోండి.

అయినా ఏదో ఉంది

గీత బల్లపరుపుగా ఉంది. ఆట చూస్తూ ఆయన, "ఇంకా ఏదో తేడాగా ఉందండీ" అన్నారు. పాపకు కనిపించలేదు. నాకు చాలాసేపటికి కనిపించింది, రోడ్డు పక్కన చెట్లు సమంగా జారడం లేదు, సన్నగా వణుకుతున్నాయి.

ఎమ్యులేటర్ సమయానికే ఫ్రేములు ఇస్తోందని గీత చెబుతోంది. అంటే తేడా ఫ్రేమ్ తయారయ్యాక, తెరకు చేరేలోపు. చూస్తే టీవీ, ల్యాప్‌టాప్ రెండిట్లో ఒకే బొమ్మ వచ్చేలా డూప్లికేట్ పెట్టి ఉంది. ఎమ్యులేటర్ ల్యాప్‌టాప్ తెర వేగాన్నే పట్టుకుంది. 144ను 60తో భాగిస్తే 2.4. ఒక ఫ్రేమ్ రెండుసార్లు, తర్వాతిది మూడుసార్లు, ఇలా ఎగుడుదిగుడుగా కనిపిస్తుంది. అదే 120 అయితే సరిగ్గా రెండేసి.

టీవీ ఒక్కదానికే బొమ్మ వెళ్లేలా మార్చి 60 హెర్ట్జ్, వీసింక్ (ఫ్రేములు తెర వేగానికి తగ్గట్టు వచ్చేలా చేసేది) పెట్టాం. వణుకు పోయింది. కానీ అప్పుడప్పుడు ఒక చిన్న చిటుక్కు. ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టి చూస్తే దాదాపు 17 సెకన్లకు ఒకసారి, గడియారం కొట్టినట్టు. గడియారం చూసుకుని వచ్చేది షేడర్ కాదు. డిస్కులు అమెరికావి, అక్కడి వీడియో పద్ధతిలో ఆట నడిచేది 59.94 హెర్ట్జ్‌లో. టీవీ 60. తేడా సెకనుకు 0.06, అంటే 16.7 సెకన్లకు ఒక ఫ్రేమ్ రెండుసార్లు కనిపించక తప్పదు. విండోస్ డిస్‌ప్లే సెట్టింగుల్లో ఆ టీవీకి 59.94 కూడా ఉంది. అది ఎంచుకుని, టీవీలో గేమ్ మోడ్ వేశాం. ఆయన ఐదు నిమిషాలు మాట్లాడకుండా చూసి, "ఇదీ, అప్పట్లో ఇలాగే ఉండేది" అన్నారు.

ఇప్పుడు మా షాపులో

జాబ్ షీట్‌లో "ల్యాగ్" అని రాయడం మానేశాం. మూడు ప్రశ్నలు అచ్చు వేయించాను: రెండోసారి అదే చోట వస్తుందా? ఆడేకొద్దీ పెరుగుతుందా, తగ్గుతుందా? లెక్కపెట్టినట్టు ఇన్ని సెకన్లకని వస్తుందా? మొదటిదానికి "రాదు" అంటే షేడర్. "పెరుగుతుంది" అంటే దుమ్ము, వేడి. మూడోదానికి "అవును" అంటే హెర్ట్జ్. ఎప్పుడూ ఇంత శుభ్రంగా విడిపోదు, ఈ కేసులోనే రెండు కలిసి ఉన్నాయి. పెద్దది పోయేదాకా చిన్నది కనిపించదు.

బాగైందని చెప్పేముందు క్యాష్ తుడిచి, కస్టమర్ ఇంతవరకు ఆడని ట్రాక్ ఆడించమని కుర్రాడికి చెప్పాను. విసుక్కుంటాడు గానీ చేస్తాడు. మొదటిసారి తీసుకున్న డబ్బుల్లో శుభ్రం చేసిన ఖర్చు ఉంచుకుని మిగతాది వాపసు ఇచ్చాను. దుమ్ము నిజంగానే ఉంది మరి.

రెండు నెలల తర్వాత మళ్లీ ఫోన్. "ఆట తెరుచుకోవడానికి చాలాసేపు పడుతోందండీ, పాడైందా?" ఈమధ్య ఏమైనా అప్‌డేట్ అయ్యిందా అని అడిగాను. ముందురోజే గ్రాఫిక్స్ డ్రైవర్ అప్‌డేట్ అయిందట. కొత్త డ్రైవర్ వస్తే పాత క్యాష్ పనికిరాదు, ముందే కంపైల్ చేసే టిక్ ఉంది కాబట్టి అన్నీ మళ్లీ తయారవుతున్నాయి. ఈ సంగతి ముందే ఒక కాగితం మీద రాసివ్వాల్సింది. మధ్యలో ఆపేయకండి, ఈ ఒక్కసారే, అని చెప్పాను. వెనకనుంచి పాప గొంతు వినిపించింది: "నాన్నా, వచ్చేసింది, రా!"